దవావోలో బండి మీద అమ్మే ప్రోబెన్ తినొచ్చా?

మీ తమ్ముడు మెడిసిన్ చదవడానికి ఫిలిప్పీన్స్‌లోని దవావో వెళ్తున్నాడని, అక్కడ బండ్ల మీద కోడి పేగులు వేయించి అమ్మే ప్రోబెన్ తింటే ఆరోగ్యం పాడవుతుందేమోనని అడిగారు. నేను అక్కడే ఐదున్నరేళ్లు చదివాను. వారానికి రెండుసార్లయినా తినేవాణ్ణి. భయం లేదు, తినొచ్చు.

అయితే అది పేగు కాదు. పేగులతో చేసేది ఇసావ్, దాన్ని పుల్లకు గుచ్చి ఎక్కువగా నిప్పుల మీద కాలుస్తారు. కోడి పొట్టలో రెండు భాగాలుంటాయి. మనం వండుకునే కందనకాయ గింజల్ని నలిపేది. దానికి పైన జీర్ణరసాలు ఊరే చిన్న సంచి ఒకటుంటుంది, పేరు ప్రొవెంట్రిక్యులస్. ఆ పెద్ద పేరునే కుదించి ప్రోబెన్ అంటారు, కొందరు ప్రోవెన్ అని కూడా. మా కరీంనగర్‌లో చికెన్ షాపువాళ్లు కందనకాయ చీల్చి, లోపలి పసుపు పొర తీసి ఇస్తారు గానీ, ఈ ముక్కను పేగులతో పాటే పారేస్తారు. అందుకేనేమో, దానికి మనవైపు పేరు కూడా నేను వినలేదు.

మొదటి సెమిస్టర్‌లో ఫిలిప్పీన్స్ క్లాస్‌మేట్ ఒకడు పెడితే నేను ముట్టలేదు. పొట్టలో ఊరే పెప్సిన్, హైడ్రోక్లోరిక్ ఆసిడ్ గురించి అప్పుడే చదువుతున్నాం, ఆ సంచిని నోట్లో పెట్టుకోవడమంటే మనసొప్పలేదు. తర్వాత మా హాస్టల్ దగ్గర బండి పెట్టే ఆమె సాయంత్రానికి సిద్ధం చేసుకోవడం చూశాను. ఆమెను అందరం ఆతే అనేవాళ్లం, అంటే అక్క. ఒక్కొక్కటీ చీల్చి, జిగురంతా గీకి, ఉప్పేసి నలిపి, నీళ్లు తేటగా వచ్చేదాకా కడిగేది. ఉడికించి, ఆరబెట్టి, మిరియాలు కలిపిన మొక్కజొన్న పిండిలో దొర్లించి, మరిగే నూనెలో వేసేది. ఆ రోజే తిన్నాను. పైన కరకరలాడుతుంది, లోపల మెత్తగా, కొవ్వుగా ఉంటుంది. కందనకాయ అంత గట్టిగా సాగదు. అంత కష్టపడి చేసే వంటను చెత్త తిండి అని ఎవరైనా అంటే నాకు ఇప్పటికీ బాధేస్తుంది.

అసలు రుచంతా సుకాలో ఉంది. సుకా అంటే వెనిగర్. కొబ్బరి కల్లు పులియబెట్టి చేసిన దాంట్లో వెల్లుల్లి, ఉల్లిపాయ, చిన్న ఘాటు మిరపకాయలు నానబెడతారు. నూనె ముక్క నోటికి వెగటు కొట్టకుండా ఆ పులుపే కాపాడుతుంది.

జాగ్రత్త కూడా ఆ సుకా దగ్గరే. కొన్ని బండ్ల మీద అందరికీ ఒకటే గిన్నె ఉంటుంది. కొరికిన ముక్కనే మళ్లీ ముంచేవాళ్లుంటారు. వెనిగర్ కదా, క్రిములన్నీ చస్తాయి అనుకోవద్దు. హెపటైటిస్ ఎ లాంటివి ఇలా అందరూ ముట్టుకునే తిండి వల్ల అంటుకోవచ్చు. మీ తమ్ముణ్ణి విడిగా కప్పులో పోయించుకోమనండి, అడిగితే ఎవరూ ఏమనరు. వెళ్లేముందు హెపటైటిస్ ఎ టీకా కూడా వేయించండి.

నాకు ఒక్కసారే కడుపు చెడింది. రెండో ఏడు పరీక్షల టెన్షన్‌లో, రాత్రి పొద్దుపోయాక, ఎప్పుడో వేయించి పెట్టిన చల్లారిన ముక్కలు తిన్నాను. రెండు రోజులు ఓఆర్‌ఎస్ తాగుతూ మంచం మీదే ఉన్నాను. అప్పట్నుంచి నా కళ్ల ముందు నూనెలోంచి తీసిందే తిన్నాను. రోహస్ నైట్ మార్కెట్‌లాంటి రద్దీ ఉన్నచోట ఇది తేలిక, ఎప్పటికప్పుడు వేయిస్తూనే ఉంటారు. మీ ఇంట్లో ఎవరికైనా యూరిక్ ఆసిడ్ ఎక్కువుంటే మాత్రం ఇలాంటి లోపలి మాంసాలన్నీ తగ్గించాల్సిందే.

అక్కడ మాట్లాడేది బిసాయా. వేడిగానే ఉందా అని అడగాలంటే ‘ఇనిత్ పా, ఆతే?’ అనాలి. వేడిగా లేకపోతే ఆమే మళ్లీ నూనెలో వేసి ఇస్తుంది.