రెండు చందమామలున్న లోకంలో ‘నెల’ అనవచ్చా?

సందేహం: నేను ఒక ఫాంటసీ నవల రాస్తున్నాను. ఆ లోకంలో రెండు చందమామలు. పెద్దది 40 రోజులకు, చిన్నది 9 రోజులకు ఒక చుట్టు పూర్తి చేస్తాయి. వారానికి 8 రోజులు, నెలకు 40 రోజులు, ఏడాదికి 10 నెలలు. అక్కడి కాలానికి ‘నెల’ అనవచ్చా? ‘మాసం’ అంటే నయమా? ‘మూన్‌సైకిల్’ అంటే కొత్తగా ఉంటుందని మిత్రులు అంటున్నారు. (దేవరకొండ నుంచి ఒక పాఠకుడు)

సమాధానం: మీ మిత్రులకు నా నమస్కారం చెప్పి, ఆ ‘మూన్‌సైకిల్’ను వాళ్లకే తిరిగి ఇచ్చేయండి. ఆ పని చేసే మాట తెలుగులో రెండక్షరాల్లో ఎప్పటి నుంచో ఉంది. ‘నెల’ అంటే మొదట చంద్రుడే. ముప్పై రోజుల లెక్క దానికి తర్వాత అంటింది.

నమ్మకం కుదరకపోతే రంజాన్ చివర పేపరు చూడండి. ‘నెలవంక కనిపించింది’ అని రాస్తారు. వంక అంటే వంపు. నెలవంక అంటే చంద్రుడి వంపే గానీ ముప్పై రోజుల వంపు కాదు గదా! ‘నెలవంక చంద్రుడు’ అని రాసేవాళ్లూ ఉన్నారు, వాళ్లు చంద్రుణ్ణి రెండుసార్లు పిలుస్తున్నారు. తెలుపును చెప్పే ‘వెలి’కి ‘నెల’ చేరితే వెన్నెల అయింది. వెలిదామరలో ఉన్నదీ ఆ ‘వెలి’యే. తమిళులు ఇప్పటికీ చంద్రుణ్ణి ‘నిలా’ అంటారు, తెల్లని చంద్రుడైతే ‘వెణ్ణిలా’. మలయాళంలో ‘నిలావు’ అంటే వెన్నెల. మనవాళ్లు శివుడిని ‘నెలతాల్పు’ అన్నారు, చంద్రుణ్ణి తలపై ధరించినవాడని. మా పానగల్లులో ఛాయా సోమేశ్వరుడి గుడి ఉంది. లింగం మీద నీడ పగలంతా కదలదని దూరం నుంచి వచ్చి చూసి పోతారు. ఆ నీడ సంగతి అడిగినవాళ్లే గానీ, ‘సోమేశ్వరుడు’లోని సోముడు ఎవరని నన్ను అడిగినవాళ్లు ఇంతవరకు లేరు. ఆ సోముడూ చంద్రుడే. ఆ స్వామిని అచ్చతెలుగులో పిలవాలంటే నెలతాల్పే.

‘నెల’ను ‘నేల’తో ముడిపెట్టి ఏవేవో కథలు చెబుతున్నారు. తమిళంలో నేల ‘నిలం’, చంద్రుడు ‘నిలా’. అవి వేరు, ఇవి వేరు. ‘నెలవు’నూ ఇందులోకి లాగకండి.

ఇక ‘మాసం’లోకి పారిపోయినా చందమామ మిమ్మల్ని వదలడు. సంస్కృతంలో ఆ మాటకూ చంద్రుడే మూలం. నిండు చంద్రుడున్న తిథి గనుకనే ‘పౌర్ణమాసి’. పొరుగువాళ్లదీ ఇదే దారి. తమిళ ‘తింగళ్’ అంటే చంద్రుడు, నెల కూడా. కన్నడంలో ‘తింగళు’ నెల. ఇన్ని భాషల్లో చంద్రుణ్ణి చూసే రోజులు లెక్కపెట్టుకున్నారు. మనమే ఇప్పుడు ‘మంత్‌లీ నెలకు ఎంత కట్టాలి’ అని అడుగుతున్నాం.

కాబట్టి 40 రోజులైనా సరే, పెద్ద చందమామ చుట్టును ‘నెల’ అనండి. మాటలో చంద్రుడున్నాడు గానీ ముప్పై లేదు. మన చంద్రుడికి పున్నానికీ పున్నానికీ మధ్య పట్టేది 29న్నర రోజులే, అయినా నెలకు ముప్పై తిథులు సర్దుకుంటున్నాం. చిన్న చందమామ చుట్టునూ ‘నెల’ అనవచ్చా అంటే నాకూ కొంచెం తటపటాయింపే. ‘చిన్ననెల’ అంటే వినడానికి బాగుంటుంది. కాని పాఠకుడు దాన్ని ఫిబ్రవరి అనుకునే ప్రమాదముంది. మీరే తేల్చుకోండి.

ఎనిమిది రోజుల వారం గురించి బెంగ వద్దు. ‘వారం’ అంటే వంతు. సోమవారం సోముడి వంతు. పేద పిల్లలు రోజుకో ఇంట్లో అన్నం తింటూ ‘వారాలు చేసుకుని’ చదువుకున్న కాలంలో ఈ అర్థం అందరికీ తెలుసు. ఎనిమిదో వంతు ఎవరికిస్తారన్నది మీ ఇష్టం. పేరు మాత్రం జనం నోట్లో అరిగినట్టు ఉండాలి. మన ఐతారం, బేస్తారం చూడండి, ఆదిత్యుడూ బృహస్పతీ ఎంత చక్కగా నలిగిపోయారో. ఏడాది సంగతి ఒక్క ముక్క: సంవత్సరమనే ‘ఏఁడు’కు అరసున్న ఉంది, అంకె ‘ఏడు’కు లేదు. అచ్చులో అరసున్న పోయినా, మన నల్లగొండ, పాలమూరు పల్లెల్లో ‘పదేండ్లు’ అన్నప్పుడు అది నిండు సున్నగా వినిపిస్తుంది. ‘ఏళ్లు’ తప్పని అనను గానీ, మీ పాత్రలచేత ‘ఏండ్లు’ అనిపిస్తే సంతోషిస్తాను.

నెలలకు చైత్రం, వైశాఖం అని మాత్రం పెట్టకండి. పున్నమి నాడు చంద్రుడు చిత్త దగ్గర ఉంటే చైత్రం. మీ ఆకాశంలో చిత్త ఉందా? అక్కడి జనం సేద్యం చేసేవాళ్లయితే నెలల కన్నా కార్తెలు వాళ్లకు ఎక్కువ పనికొస్తాయి. మన రైతు మిరుగం ఎప్పుడని అడుగుతాడు గానీ జ్యేష్ఠం ఎప్పుడని అడగడు. కార్తెలు సూర్యుణ్ణి బట్టి నడిచేవి, చందమామలు ఎన్ని ఉన్నా వాటికి లెక్కలేదు.

ఒకటి మీరు గమనించినట్టు లేదు. రెండు చందమామలూ ఒకేసారి మాయమయ్యే జంట అమాస ఒకసారి వచ్చిందంటే, మళ్లీ 360 రోజులకు వస్తుంది. మీ ఏడాదికేమో 400 రోజులు. అంటే ఆ అమాస ఏటేటా సరిగ్గా ఒక నెల ముందే వస్తూ, తొమ్మిదేండ్లకు మళ్లీ మొదటి చోటికి చేరుతుంది. మన పీర్ల పండుగ ఏటా పదకొండు రోజుల దాకా ముందుకొస్తూ ఒకప్పుడు వానల్లో, ఒకప్పుడు చలిలో పడ్డట్టే. పెత్రమాసకు మనకు పేరున్నట్టు ఆ అమాసకూ అక్కడివాళ్లు ఒక పేరు పెట్టుకుని ఉంటారు. అదేమిటో ఈసారి ఉత్తరంలో రాయండి.