పీచ్ డబ్బా

అమ్మాయీ,

వింత సంగతులు పోగేసిన అమెరికన్ రచయిత ఛార్లెస్ ఫోర్ట్ మీద నువ్వు రాసి పంపిన వ్యాసం పదకొండు పేజీలూ రెండుసార్లు చదివాను. మొదటిసారి ఒళ్ళు మండింది. రెండోసారి ఆరో పేజీ మధ్యలో ఆగిపోయాను.

ముందు మంట సంగతి. మొదటి వాక్యంలోనే ఆయన్ని 'అంతుచిక్కని మేధావి' చేశావు. రెండో పేజీలో 'పిచ్చివాడు'. తొమ్మిదో పేజీకొచ్చేసరికి 'ప్రవక్త'. ఇంతకీ ఆయన చేసిన పనేమిటి? న్యూయార్క్ పబ్లిక్ లైబ్రరీలో, తర్వాత లండన్‌లో బ్రిటిష్ మ్యూజియంలో ఏళ్ళ తరబడి కూర్చుని పాత పత్రికలు తిరగేశాడు. కప్పల వానలూ చేపల వానలూ, సైన్సు వాళ్ళు లెక్కలోకి రానివ్వని సంగతులన్నీ చిన్న చిన్న చీటీల మీద ఎక్కించి బూట్ల డబ్బాల్లో దాచాడు. పైన ఎక్కడో ఒక సముద్రం ఉందనీ, అందులో తేలేవే అప్పుడప్పుడు కిందికి రాలతాయనీ అన్నాడు. అంటూనే, తను రాసింది తనే నమ్మనన్నాడు. ఆ నవ్వు నీ వ్యాసంలో ఏదీ?

మా ఊళ్ళో ఓసారి తొలకరికి వాకిట్లో చేపలు కొట్టుకున్నాయి. పైనుంచి పడ్డాయన్నారు కొందరు, కాలవ పొంగి ఎక్కొచ్చాయన్నారు కొందరు. మా అమ్మమ్మ మాత్రం కొంగు దోపి ఏరుకుంది. బతికున్నవి బిందెలోకి, చచ్చినవి వాసన చూసి పక్కకి. ఫోర్ట్ చీటీలు కూడా అలా ఏరినవే. నువ్వేమో తిన్నగా ఆకాశంలోకెక్కి కూర్చున్నావు. ఇప్పుడంతా అదే వరస, కథలో కప్ప ఎగిరితే చాలు, మ్యాజిక్ రియలిజం అని చప్పట్లు.

ఇక ఆరో పేజీ. న్యూయార్క్ రాష్ట్రంలోని ఆల్బనీలో ఫోర్ట్ వాళ్ళ నాన్న కిరాణా కొట్టు. శనివారాలు ఆ కుర్రాడి చేత వేరేవాళ్ళ డబ్బాల మీది పేరు కాగితాలు గీకించి సొంత కొట్టు కాగితాలు అంటించే పని. ఓ రోజు పీచ్ పళ్ళవి తప్ప తక్కిన కాగితాలన్నీ అయిపోయాయి. ఆప్రికాట్‌వి అంటించాల్సిన డబ్బాల మీద కూడా పీచ్ కాగితాలే అంటించేశాడు. ఆ ఊపులో చిక్కుడుకాయల డబ్బాల దాకా వెళ్ళాడు. 1932లో వచ్చిన చివరి పుస్తకంలో ఆయనే చెప్పుకున్న ముచ్చట ఇది. దీన్ని ఒకటిన్నర వాక్యంలో తేల్చేశావే! నా మటుకు ఆయన సిద్ధాంతమంతా ఆ డబ్బాలోనే ఉంది.

మా నాన్న పోయినప్పుడు ఒక కథ రాశాను. అందులో ఆయన ఆస్పత్రి మంచం మీద చుట్ట అడుగుతాడు. ఒక వారపత్రిక దాని నెత్తిన 'సరదా కథ' అని అచ్చేసింది. బాబాయి ఏడాది పాటు నాతో మాట్లాడలేదు. సంపాదకుణ్ణి అడిగితే, ఆ వారం సరదా కథ ఒకటి తక్కువైందయ్యా అన్నాడు. ముప్పై రూపాయలు పంపారు, అదీ ఆర్నెల్లకి.

నీ వ్యాసం ఎవరో తిప్పిపంపారని ఉత్తరంలో రెండు పేజీలు ఏడ్చావు. ఫోర్ట్ రాసిన రెండు పుస్తకాలు ఎవరూ వెయ్యకపోతే ఆ రాతప్రతులు తనే నాశనం చేశాడు. 1919లో 'ద బుక్ ఆఫ్ ది డామ్డ్' అచ్చయింది కూడా నవలాకారుడు డ్రైజర్ తన ప్రచురణకర్త మెడ మీద కూర్చోబట్టే. 1931లో అభిమానులు ఆయన పేరు మీద సొసైటీ పెడితే చేరనన్నాడు. నువ్వు దాన్ని వినయం అన్నావు. డబ్బాలకి కాగితాలు అంటించినవాడు తన వీపున ఒకటి అంటించనిస్తాడా?

కలం పేరు సంగతీ, ఎక్కడికి పంపాలన్న సంగతీ తర్వాత చూద్దాం. ఆరో పేజీ ఉంచి తక్కినవి పక్కన పెట్టు. ఆ శనివారం జిగురు దేంతో కాచారో, ఆ కుర్రాడి గోళ్ళలో ఏం ఇరుక్కుందో వెతుకు. దొరక్కపోతే కల్పించకు, ఖాళీ వదిలెయ్. ఈసారి కాగితానికి ఒకవైపే రాయి.