ఫౌండ్ ఫుటేజ్ దెయ్యం సినిమాకి పేరడీ: నవ్వు కెమెరా దగ్గర పుట్టాలి

చేతిలో ఫోన్లు తప్ప బడ్జెట్ లేదు, ఫౌండ్ ఫుటేజ్ హారర్ (పాత్రలే తీసుకున్న వీడియో తర్వాత ఎవరికో దొరికినట్టు చూపించే దెయ్యం సినిమా) మీద పేరడీ తీయాలనుంది, నవ్వించడం ఎలా అని అడిగారు. కాలేజీ రోజుల్లో మేం మా ఊరి పాత రైస్ మిల్లులో ఇలాంటిదే ఒకటి తీశాం, అందుకే చెబుతున్నాను.

దెయ్యంతో కోతి వేషాలు వేయించకండి. ఈ తరహా సినిమా బలమంతా ఒక్క నమ్మకంలో ఉంది: మనం చూస్తున్నది కథలోని మనుషులే తీసుకున్న వీడియో. 1999లో వచ్చిన ‘ది బ్లెయిర్ విచ్ ప్రాజెక్ట్’లో నటులే కెమెరాలు పట్టుకుని మేరీలాండ్ అడవుల్లో తిరిగారు. ‘పారానార్మల్ యాక్టివిటీ’ని ఓరెన్ పెలీ తన సొంతింట్లోనే, దాదాపు 15,000 డాలర్లతో తీశాడు. మంచానికి ఎదురుగా స్టాండు మీద కెమెరా, తెర మూలన గడియారం అంకెలు. ఆ బీదతనమే వాటిని నిజమనిపించింది. కాబట్టి డబ్బు గురించి మీకు బెంగ అక్కర్లేదు.

ప్రాణం మీదికొచ్చినా వీడు కెమెరా ఎందుకు వదలడు? ఈ సినిమాలు చూసే ప్రతి ఒక్కరికీ వచ్చే అనుమానమే ఇది. మా కథంతా దాని మీదే నడిపాం. దెయ్యం తరుముతుంటే మావాడు పరుగెడుతూనే ‘ఫోన్ అడ్డంగా పట్టుకోరా, నిలువుగా బాగోదు’ అని పక్కవాడిని తిడతాడు. తెల్లచీర గుమ్మం దాటే సమయానికి వాడి ఫోన్లో స్టోరేజ్ నిండిపోతుంది. వణికే వేళ్లతో అక్కయ్య పెళ్లి ఫొటోల్లో ఏది డిలీట్ చేయాలా అని వెతుకుతుంటాడు, వెనక చీర దగ్గరికొస్తూనే ఉంటుంది. ఇదంతా రెండోవాడి ఫోన్లోంచి కనిపించాలి. ప్రతి షాట్‌కీ కథలో ఒక సొంతదారు ఉండి తీరాలి. మా కథలోని ముగ్గురూ కలిసి పరుగెత్తే షాట్ ఒకటి మాకు అద్భుతంగా వచ్చింది, కానీ అది తీసేందుకు కథలో నాలుగో మనిషి లేడు. ఎడిటింగ్‌లో తీసేశాం.

నటుల ముఖంలో నవ్వు ఛాయ కూడా ఉండకూడదు, నిజంగానే భయపడాలి. బ్యాక్‌గ్రౌండ్ మ్యూజిక్ వద్దు. మాటల కోసం ఇంకో ఫోన్ జేబులో పెట్టి, ఇయర్‌ఫోన్ మైకుని కాలర్ దగ్గర దాచండి. గాలి హోరులో డైలాగ్ వినపడకపోతే జోకు పోయినట్టే.

మిల్లు లాంటి చోటైతే ముందు ఓనరుకీ వాచ్‌మన్‌కీ చెప్పండి. పగలే ఒకసారి నడిచి గుంటలు, మేకులు చూసుకోండి, చీకట్లో టార్చి పట్టుకుని పరుగెత్తాల్సింది మీవాళ్లే.