ఖురాన్ అర్థం కావాలని అరబిక్ చదువుతానంటోంది, ఉద్యోగం సంగతేంటి?

గుంటూరు నుంచి ఒక తండ్రి అడిగారు. వాళ్లమ్మాయి బీకాం రెండో ఏడు. చిన్నప్పుడే ఖురాన్ చదవడం వచ్చింది, అర్థం మాత్రం తెలియదు. ఇప్పుడు అరబిక్ నేర్చుకుని నేరుగా అర్థం చేసుకుంటానని, బీకాం ఆపేసి అటే వెళ్తానని పట్టుబట్టింది. ఇంట్లో అందరికీ టెన్షన్.

సార్, అమ్మాయి కోరిక చాలా మంచిది, వద్దనకండి. బీకాం మాత్రం ఆపనివ్వకండి.

తను అడుగుతున్నది ఎంత లోతైన చదువో ఒక్క ఆయత్‌తో, అంటే ఖురాన్ వాక్యంతో, చెప్తాను. ఫాతిర్ సూరా (అధ్యాయం) 28వ ఆయత్‌లో 'ఇన్నమా యఖ్‌షల్లాహ మిన్ ఇబాదిహిల్ ఉలమాఉ' అని ఉంది. అల్లాహ్ దాసుల్లో ఆయనకు భయపడేది జ్ఞానం ఉన్నవాళ్లే అని అర్థం. కానీ వాక్యంలో అల్లాహ్ పేరు ముందొచ్చింది, ఉలమా, అంటే జ్ఞానం ఉన్నవాళ్లు, చివర్లో వచ్చారు, మరి ఎవరు ఎవరికి భయపడుతున్నారో ఎలా తెలుస్తుందంటే 'అల్లాహ'లో చివర ఉన్న జబర్ ('అ' అని పలికించే గుర్తు), 'ఉలమాఉ' చివర ఉన్న పేష్ ('ఉ' అని పలికించే గుర్తు) చెప్తాయి. మనకు 'ని', 'కి' చేసే పనే అక్కడ జబర్ చేస్తోంది, అందుకే తెలుగు వచ్చినవాళ్లకు ఇది తొందరగానే పట్టుబడుతుంది. మీ అమ్మాయి ఇన్నేళ్లూ ఆ జబర్, ఆ పేష్ తప్పు లేకుండా పలికే ఉంటుంది, అవి ఎందుకున్నాయో తనకెవరూ చెప్పలేదంతే!

వాక్యంలో ఏ మాట ఏ పని చేస్తోందో చెప్పే ఈ వ్యాకరణాన్ని నహూ అంటారు. దానికి ముందు, లేదా దానితో పాటు, సర్ఫ్, అంటే మూల అక్షరాల నుంచి మాటలు ఎలా తయారవుతాయో చెప్పే వ్యాకరణం, నేర్చుకోవాలి. అది రాకపోతే డిక్షనరీ తెరిచినా లాభం లేదు, ఎందుకంటే చాలా అరబిక్ డిక్షనరీల్లో 'ఇస్తిగ్‌ఫార్' (క్షమాపణ వేడుకోవడం) దాని మొదటి అక్షరం అలిఫ్ దగ్గర దొరకదు, మూల అక్షరాలైన గైన్-ఫా-రా దగ్గర వెతకాలి.

ఇక ఉద్యోగం. ఖురాన్ అరబిక్ వచ్చినంత మాత్రాన ఉద్యోగం రాదు, ఇది అమ్మాయికి ఇప్పుడే చెప్పండి. హైదరాబాద్ పెద్దాసుపత్రుల్లో ఇరాక్, యెమెన్, ఒమన్ పేషెంట్లకు ఇంటర్‌ప్రెటర్లు కావాలి కానీ వాళ్లు మాట్లాడే అరబిక్ వేరు, అది విడిగా నేర్చుకోవాలి. వ్యాకరణం గట్టిగా వచ్చినవాళ్లకు పత్రికల అరబిక్, ఆఫీసు అరబిక్ కష్టం కాదు. బీకాం పనికొచ్చేది ఇక్కడే. సౌదీలో 2018లో వ్యాట్ వచ్చింది, ట్యాక్స్ ఇన్‌వాయిస్ అరబిక్‌లో ఉండాలి. అకౌంట్స్, అరబిక్ రెండూ వచ్చిన మనిషికి అక్కడా, ఇక్కడి నుంచి వాళ్లకు పనిచేసే ఆఫీసుల్లోనూ విలువ ఉంటుంది.

అదే చదువులో ఉండిపోవాలనుకుంటే హైదరాబాద్‌లోని ఉస్మానియా, ఇఫ్లూ (ఇంగ్లిష్, విదేశీ భాషల యూనివర్సిటీ), మనూ (మౌలానా ఆజాద్ ఉర్దూ యూనివర్సిటీ) మూడు చోట్లా అరబిక్ విభాగాలున్నాయి, లెక్చరర్ అర్హత పరీక్ష యూజీసీ నెట్‌లో అరబిక్ సబ్జెక్టు కూడా ఉంది, కాకపోతే లెక్చరర్ పోస్టులు తక్కువ. 1888 నుంచి పాత అరబిక్ రాతప్రతులను సరిచూసి అచ్చువేస్తున్న దాయిరతుల్ మఆరిఫ్ సంస్థ కూడా హైదరాబాద్‌లోనే ఉంది, ఒకసారి తీసుకెళ్లి చూపించండి. ఎం.ఏ.కి చాలాచోట్ల డిగ్రీలో అరబిక్ చదివి ఉండాలంటారు, కాబట్టి బీకాంతో పాటే సర్టిఫికెట్ లేదా డిప్లొమా మొదలుపెట్టాలి.

ఈలోగా రోజుకో గంట చెప్పే ఆలిమాను (మతవిద్య చదివిన మహిళను) చూడండి. అరబిక్ క్లాస్ అని పెట్టి తజ్వీద్ (ఖురాన్‌ను సరిగ్గా పలికే పద్ధతి) మాత్రమే నేర్పేవాళ్లు చాలామంది, అది అమ్మాయికి ఇప్పటికే వచ్చు. ఫీజు కట్టే ముందు సర్ఫ్, నహూ ఏ పుస్తకంతో చెప్తారో, చెప్తూ ఆయత్‌లు విడదీసి చూపిస్తారో లేదో అడగండి.