కంపెనీకి కోర్టు పోలీసు రక్షణ ఇస్తే సమ్మె ఆపేయాల్సిందేనా?

అక్కర్లేదు, ఎందుకంటే అది సమ్మెను ఆపే ఆర్డరు కాదు, లోపలికి వెళ్లేవాళ్లనీ సరుకు లారీలనీ ఎవరూ అడ్డుకోకుండా, దాడులు జరగకుండా చూడమని పోలీసులకు ఇచ్చే ఆదేశం.

మన దేశంలో యాజమాన్యం ముందు స్టేషన్‌లో ఫిర్యాదు ఇస్తుంది. "ఇది మీ లేబర్ గొడవ, మాకెందుకు" అని పోలీసులు చేతులు దులుపుకుంటే (ఇది మామూలే), రాజ్యాంగం 226వ అధికరణ కింద హైకోర్టులో రిట్ (అధికారుల్ని తమ పని చెయ్యమని ఆదేశించాలని కోరే పిటిషన్) వేస్తుంది. శాంతిభద్రతలు కాపాడటం పోలీసుల చట్టబద్ధమైన డ్యూటీ కాబట్టి, ఆ డ్యూటీ చెయ్యండి అని కోర్టు చెబుతుంది, అంతే. జీతం పెంచాలా, బోనస్ ఎంత అన్నది ఇందులో తేలదు, దానికి లేబర్ కమిషనర్, పారిశ్రామిక ట్రిబ్యునల్ ఉన్నాయి.

ఉదాహరణకి 1967లో పశ్చిమ బెంగాల్ ప్రభుత్వం, ఘెరావ్ (కార్మికులు యాజమాన్యం మనుషుల్ని చుట్టుముట్టి కదలనివ్వకపోవడం) జరిగితే కార్మిక మంత్రిని అడిగాకే పోలీసులు జోక్యం చేసుకోవాలని సర్క్యులర్ ఇచ్చింది. మనుషుల్ని గంటల తరబడి గదిలో బంధించి ఉంచినా అడిగే నాథుడు లేడన్నమాట! తర్వాత జే ఇంజనీరింగ్ వర్క్స్ కేసులో, పోలీసుల డ్యూటీకి అలా అడ్డుపడకూడదని కలకత్తా హైకోర్టు ఆ సర్క్యులర్‌ను కొట్టేసింది.

చాలామంది పొరబడేది ఎక్కడంటే, రక్షణ ఆర్డరు వచ్చిందంటే యాజమాన్యం గెలిచిందని, పోలీసులు టెంట్లు పీకేస్తారని అనుకుంటారు. కానీ దారి ఇచ్చి, గేటు బయట శాంతియుతంగా కూర్చుని నినాదాలు చేసుకోవడానికి ఆ ఆర్డరు మామూలుగా అడ్డురాదు, కాకపోతే కొన్నిసార్లు గేటుకి ఇంత దూరంలో ఉండాలని కోర్టు షరతు పెడుతుంది.