మనోవైద్య చరిత్ర చదవబోతున్న అమ్మాయికి

రాజమహేంద్రవరం

చిరంజీవి మాధవికి,

పెద్దమ్మ ఆశీస్సులు.

నీకు మానసిక వైద్యంలో పీజీ సీటు వచ్చిందని మీ అమ్మ ఫోన్‌లో చెప్పినప్పుడు కలిగిన సంతోషం కంటే, ఆ తరువాత నువ్వు రాసిన ఉత్తరం చదివి కలిగిన సంతోషమే ఎక్కువ. పరీక్షకు ఏ గైడు కొనాలని నువ్వు అడగలేదు. ఈ వైద్యం ఎక్కడి నుంచి వచ్చింది, ఆసుపత్రులు లేని కాలంలో మతి చలించినవాళ్లు ఏమయ్యేవారు, అది తెలియాలంటే ఏ పుస్తకాలు చదవాలి అని అడిగావు. ముప్ఫై ఒక్క ఏళ్లు సర్కారు ఆసుపత్రులలో ఈ పని చేస్తూ ఆ పుస్తకాలను ఒక క్రమం లేకుండా చదివి, కొన్నింటిని అతిగా నమ్మి, నమ్మినదాన్ని విద్యార్థులకు పాఠంగా కూడా చెప్పినదాన్ని కాబట్టి, పుస్తకాల పేర్లతో సరిపెట్టకుండా వాటిని ఎలా చదవాలో కూడా రాస్తున్నాను.

ముందు నా తప్పు చెబుతాను. ఉద్యోగంలో చేరిన కొత్తలో నర్సింగ్ విద్యార్థులకు, ఫ్రెంచి విప్లవ కాలంలో ఫిలిప్ పినెల్ అనే డాక్టరు పారిస్‌లోని బిసెత్ర్ ఆసుపత్రిలో అడుగుపెట్టి ఉన్మాదుల సంకెళ్లు తెంచాడనీ, ఆధునిక మనోవైద్యం ఆ రోజే పుట్టిందనీ ఎంతో ఆవేశంగా చెప్పాను. నా పాఠ్యపుస్తకంలో ఆ కథ పక్కన ఒక వర్ణచిత్రం కూడా ఉండేది. ఆ చిత్రాన్ని తోనీ రోబేర్ ఫ్లరీ 1876లో, అంటే చెప్పిన సంఘటన కాలానికి ఎనభై ఏళ్ల తరువాత గీశాడని నాకు చాలా ఆలస్యంగా తెలిసింది. పినెల్ 1793లో బిసెత్ర్‌కు వచ్చి రెండేళ్లకే సాల్‌పెట్రియేర్ ఆసుపత్రికి వెళ్లిపోయాడు. బిసెత్ర్‌లో సంకెళ్లు తీయించినది 1797లో, అక్కడి వార్డుల పర్యవేక్షకుడు జాన్ బాప్తిస్త్ పుస్సాఁ. ఆయన డాక్టరు కాడు. ఒకప్పుడు గండమాల జబ్బుతో అదే ఆసుపత్రిలో చేరి, నయమైన తరువాత అక్కడే ఉద్యోగిగా ఉండిపోయినవాడు. పినెల్ తన గ్రంథంలో పుస్సాఁకు దక్కవలసిన గౌరవం ఇచ్చాడు. ఆయన పేరును కథలోంచి తప్పించింది తరువాతి తరాల డాక్టర్లు. ఒక రోగిగా ఆసుపత్రి గడప తొక్కిన మనిషి చేసిన పని, పట్టా ఉన్న పెద్దమనిషి ఖాతాలోకి ఎలా చేరిందో గమనిస్తే, ఈ చరిత్రను ఎవరు రాశారో, ఎవరి కోసం రాశారో నీకు కొంత బోధపడుతుంది.

అందుకని నేను ఒక అలవాటు చేసుకున్నాను, నువ్వు కూడా చేసుకోవాలని కోరుతున్నాను. పుస్తకం చివరి ఖాళీ పేజీలో, చదువుతూ ఉండగా ఎదురైన రోగుల పేర్లు పెన్సిల్‌తో రాసుకో. డాక్టర్ల పేర్లు నువ్వు రాసుకోనక్కరలేదు, అవి వెనక అకారాది సూచికలో ఎలాగూ ఉంటాయి. నాలుగు వందల పేజీల పుస్తకం ముగిసేసరికి నీ జాబితాలో నాలుగు పేర్లు మించి రాకపోతే, ఆ పుస్తకం వైద్యుల చరిత్రే తప్ప వ్యాధి అనుభవించినవాళ్ల చరిత్ర కాదని తెలుసుకొని, ఆ మేరకే దాన్ని నమ్ము.

మొదట రాయ్ పోర్టర్ 2002లో రాసిన ‘మ్యాడ్‌నెస్: ఎ బ్రీఫ్ హిస్టరీ’ చదువు. చిన్న పుస్తకం, రెండు ఆదివారాలలో అయిపోతుంది, దారి మొత్తం ఒకసారి కనబడుతుంది. ఆ వెంటనే పెద్ద సిద్ధాంత గ్రంథాలకు పోవద్దు. వాటికంటే ముందు రోగులు స్వయంగా రాసినవి, లేదా రోగుల గురించి మనకు దక్కినవి చదవాలి. నేను ఈ క్రమం పాటించనందువల్ల చాలా ఏళ్లు నష్టపోయాను.

ఉదాహరణకు జేమ్స్ టిల్లీ మాథ్యూస్ సంగతి తీసుకో. లండన్‌లోని బెత్లెం ఆసుపత్రి 1247లో మఠంగా మొదలైనది. పద్దెనిమిదో శతాబ్దంలో జనం అక్కడి రోగులను వేడుకగా చూడటానికి వెళ్లేవారు, 1770 ప్రాంతంలో గానీ దానికి అడ్డుకట్ట పడలేదు. అక్కడ నిర్బంధంలో ఉన్న మాథ్యూస్, ఒక ముఠా గాలి యంత్రంతో తన మనసును నడుపుతోందని నమ్మేవాడు. ఆసుపత్రి వైద్యాధికారి జాన్ హాస్లాం, మాథ్యూస్ నిజంగా పిచ్చివాడేనని రుజువు చేయడానికి 1810లో అతని ఒక్కడి మీదే ఒక పుస్తకం ప్రచురించాడు. ఆ మాథ్యూసే, బెత్లెంకు కొత్త భవనం కట్టాలని తలపెట్టినప్పుడు నక్షాలు గీసి ఇస్తే, పాలకమండలి అతనికి 30 పౌన్లు ప్రతిఫలంగా ఇచ్చింది. 1815లో పార్లమెంటు సంఘం విచారణ జరిపింది. జేమ్స్ నోరిస్ అనే మరో రోగిని ఏళ్ల తరబడి ఇనుప పట్టీలతో స్తంభానికి బిగించి ఉంచిన సంగతి అందులో చర్చకు వచ్చింది. మరుసటి ఏడు హాస్లాం ఉద్యోగం పోయింది. ఇది చదివినప్పుడు నీ చేతికి వెంటనే ఒక వ్యాధి పేరు తోచుతుంది. ఆ పేరును పుస్తకం అంచున రాయకు. రెండు వందల ఏళ్ల కిందటి మనిషికి ఇవాళ్టి రోగనిర్ణయం అంటించగానే, అతను ఏం అన్నాడో, ఎందుకు అన్నాడో వినడం మనం మానేస్తాం. మన వృత్తిలో ఉన్నవాళ్లందరికీ ఉన్న బలహీనత ఇది, నాకూ ఉంది.

మాథ్యూస్ తరువాత, హత్యకు గురైన బ్రిటిష్ ప్రధాని స్పెన్సర్ పెర్సివల్ కుమారుడు జాన్ పెర్సివల్ 1838లోనూ 1840లోనూ వెలువరించిన స్వీయకథనం చదువు. తనకు మతి తప్పిన మాట నిజమేనని ఒప్పుకుంటూనే, తనతో ఒక్క మాట చెప్పకుండా, తనను అడగకుండా చేసిన వైద్యం తనను ఎంత అవమానించిందో ఆయన నిదానంగా వివరిస్తాడు. అమెరికాలో క్లిఫర్డ్ బీర్స్ 1908లో ప్రచురించిన ఆత్మకథ కూడా ఆ వరుసలోదే. దాని నుంచి ఒక ఉద్యమమే పుట్టింది.

ఇప్పుడు ఫ్రెంచి తత్త్వవేత్త మిషెల్ ఫూకో దగ్గరకు రా. ఆయన గ్రంథం ఫ్రెంచిలో 1961లో వచ్చింది. మా తరం చదివినది 1965 నాటి ఇంగ్లీషు సంక్షిప్తం, పూర్తి అనువాదం 2006లో గానీ రాలేదు. నువ్వు పూర్తిదే చదువు, సంక్షిప్తంలో ఆధారాల భాగం చాలా పోయింది. 1656లో పారిస్‌లో జనరల్ హాస్పిటల్ స్థాపనతో బీదలను, సోమరులను, ఉన్మాదులను ఒకే గాటన కట్టి గోడల మధ్య పెట్టారనీ, ఆ పని యూరప్ అంతటా జరిగిందనీ ఆయన వాదం. ఆ పుస్తకం చదివాక ఆసుపత్రి ప్రహరీని నేను మునుపటిలా చూడలేకపోయాను, అందుకు ఆయనకు రుణపడి ఉన్నాను. అయితే ఇంగ్లండులో ఆ కాలంలో అలాంటి మహానిర్బంధం జరగలేదనీ, అక్కడ ప్రతి కౌంటీ ఆసుపత్రి కట్టి తీరాలన్న చట్టం 1845లో గానీ రాలేదనీ పోర్టర్ వంటివారు చూపించారు. ఫూకోను చదివినవాళ్లలో చాలామంది అక్కడే ఆగిపోయి, ప్రతి డాక్టరూ జైలరే అన్నట్టు మాట్లాడటం నేను విన్నాను. రాత్రి డ్యూటీలో, మూడు రోజులుగా అన్నం నీళ్లు ముట్టకుండా రాయిలా కూర్చున్న మనిషిని, ఆ మనిషి వెనక వణుకుతూ నిలబడ్డ తల్లిని నువ్వు చూస్తావు. ఆ తల్లికి ఫూకో దగ్గర జవాబు లేదు.

ఎడ్వర్డ్ షార్టర్ 1997లో రాసిన చరిత్రను, ఆండ్రూ స్కల్ 2015లో రాసిన ‘మ్యాడ్‌నెస్ ఇన్ సివిలైజేషన్’ను విడివిడిగా చదవకు, పక్కపక్కన పెట్టుకొని చదువు. 1952లో పారిస్‌లో డిలే, డెనికర్ అనే డాక్టర్లు ఉన్మాదానికి క్లోర్‌ప్రోమజైన్ అనే మందు వాడిన ఘట్టం ఇద్దరిలోనూ ఉంది. అమెరికా ప్రభుత్వ మానసిక ఆసుపత్రులలో 1955లో సుమారు 5,58,000 మంది ఉండేవారు, ఆ తరువాత ఆ సంఖ్య పడిపోయింది. మందులే తలుపులు తెరిచాయన్నది షార్టర్ మొగ్గు. ఖర్చు తగ్గించుకోవాలన్న ప్రభుత్వాల ఆలోచనకు అందులో పెద్ద వాటా ఉందనీ, బయటికి వచ్చిన వాళ్లలో చాలామందికి తలదాచుకునే చోటు కూడా దొరకలేదనీ స్కల్ పట్టు. నా అనుభవంలో మందు లేకుండా ఇంటికి వెళ్లలేని వాళ్లను చూశాను, మందుతో నిమ్మళించినా తీసుకువెళ్లేవాళ్లు లేక వార్డులోనే ముసలివాళ్లయిన వాళ్లనూ చూశాను. కాబట్టి ఇద్దరిలో ఒకరిని ఎంచుకోమని నీకు చెప్పలేను.

చికిత్సల చరిత్ర అధ్యాయాలు మనసును కలచివేస్తాయి, తొందరపడి దాటేయకు. మెదడుకు సిఫిలిస్ సోకి వచ్చే పక్షవాతపు ఉన్మాదానికి మలేరియా జ్వరం ఎక్కించి వైద్యం చేసిన వాగ్నర్ యౌరెగ్‌కు 1927లో, మెదడు ముందు భాగంలో నరాల దారులు కోసే శస్త్రచికిత్స కనిపెట్టిన ఎగాస్ మోనిజ్‌కు 1949లో నోబెల్ బహుమతులు వచ్చాయి. వాళ్లను రాక్షసులుగా ఊహించుకుంటే నీకు దక్కేది ఏమీ లేదు. ఎంతమంది రోగులను, ఎన్నాళ్లపాటు గమనించి వాళ్లు ఫలితం ప్రకటించారు, రోగి బాగుపడ్డాడని ఎవరు అన్నారు అన్న రెండు ప్రశ్నలు వేసుకొని చదువు. జనం కరెంటు షాక్ అనే చికిత్స 1938లో రోమ్‌లో చెర్లెత్తి, బిని మొదలుపెట్టినది. దాన్ని మత్తు, కండరాల సడలింపు మందు లేకుండా ఇవ్వడాన్ని మన 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం నిషేధించింది. ఆ నిషేధం చట్టంలో రాయవలసిన అవసరం ఎందుకు వచ్చిందో చరిత్ర చదివినవాళ్లకే అర్థమవుతుంది.

ఇక మన దేశం. ఇక్కడ ఎక్కువసేపు ఆగు. మద్రాసులో 1794లో వాలంటైన్ కానలీ అనే సర్జన్ నడిపిన పిచ్చాసుపత్రి, 1871లో కీల్పాక్‌లో తెరిచిన ఆసుపత్రి మన చరిత్రలో భాగాలే, ఎందుకంటే కోస్తా, రాయలసీమ జిల్లాలు అప్పట్లో మద్రాసు ప్రెసిడెన్సీ కిందే ఉండేవి. వాల్ట్రాడ్ ఎర్న్‌స్ట్ 1991లో రాసిన పుస్తకం కంపెనీ కాలంలో ఇక్కడ మతి తప్పిన యూరోపియన్ల గురించినది. తెల్లవాళ్లు పిచ్చివాళ్లుగా నల్లవాళ్ల కంటబడటం కంపెనీకి ఇష్టం లేదు, ఓడలెక్కించి లండన్ దగ్గర హాక్నీలోని పెంబ్రోక్ హౌస్‌కు పంపేసేది. జేమ్స్ మిల్స్ 2000లో రాసినది స్వదేశీయుల ఆసుపత్రుల మీద, అందులో గంజాయి కథ నువ్వు తప్పక చదవాలి. ఆసుపత్రి పట్టికలలో ‘కారణం’ అని ఒక గడి ఉండేది, దాన్ని ఖాళీగా వదలడానికి వీలులేదు. రోగిని పట్టుకువచ్చిన పోలీసు తోచింది చెబితే గుమాస్తా దాన్నే ఎక్కించేవాడు. అలా గంజాయి పిచ్చికి ముఖ్య కారణమన్న మాట అచ్చుకెక్కి, లండన్ దాకా పోయింది. 1893-94లో ప్రభుత్వం నియమించిన గంజాయి విచారణ సంఘం, 1892లో చేరిన 1344 మంది రికార్డులు మళ్లీ తిరగేసింది. గంజాయి ఖాతాలో రాసిన 222 మందిలో 98 మంది విషయంలో మాత్రమే ఆ మాటకు ఏదో ఒక ఆధారం ఉందని తేలింది. చరిత్ర పుస్తకంలో పట్టిక కనబడిన ప్రతిసారీ, ఆ గడి నింపిన చేయి ఎవరిదని అడుగు.

నేను పనిచేసిన ఒక ఆసుపత్రిలో ఇదే నాకు కళ్లారా కనబడింది. ఆసుపత్రిలో చేర్చుకోమని మేజిస్ట్రేటు ఇచ్చే రిసెప్షన్ ఆర్డరు మీద, 1912 నాటి లూనసీ చట్టం కింద, ఎప్పుడో చేర్చిన ఒక పెద్దావిడ నేను చేరేనాటికి ఇంకా వార్డులోనే ఉంది. కేస్ షీట్‌లో కారణం దగ్గర ‘గృహ కలహం’ అని ఉంది, ఆ తరువాత పేజీల కొద్దీ ‘మార్పు లేదు’ అన్న ఒక్క మాటే వేర్వేరు చేతివ్రాతలలో ఉంది. నేను కూడా ఆరు నెలలు అదే రాశాను. ఒకరోజు మందులు పంచుతూ మీది ఏ ఊరమ్మా అని అడిగితే ఊరి పేరు, చెరువు పేరు, ఇంట్లో ఉన్న మూడు గేదెల పేర్లు చెప్పింది. అంతకు ముందు ఆ ప్రశ్న ఎవరూ వేసినట్టు ఆ కాగితాలలో ఎక్కడా లేదు.

మన పాత గ్రంథాల గురించి ఒక జాగ్రత్త చెప్పాలి. చరకుడు ఉన్మాదాన్ని వాత, పిత్త, కఫ, సన్నిపాత (మూడు దోషాలూ కలిసినది), ఆగంతుకాలని (బయటి కారణం వల్ల వచ్చినది) అయిదు విధాలుగా చెప్పాడు. అంతా మనకు ముందే తెలుసని గర్వపడటానికీ, అంతా మూఢనమ్మకమని కొట్టిపారేయడానికీ అది సాధనం కాకూడదు. సర్పగంధ వేరు ఉన్మాదంలో పనిచేస్తుందని గణనాథ్ సేన్, కార్తీక్ బోస్ 1931లో మన దేశపు వైద్యపత్రికలోనే రాశారు. దాని నుంచి తీసిన రిసర్పిన్ రెండు దశాబ్దాల తరువాత పాశ్చాత్య దేశాల మనోవైద్యంలోకి వెళ్లింది. షార్టర్‌ను చదివేటప్పుడు ఈ సంగతి గుర్తుంచుకో.

2001 ఆగస్టు 6న తమిళనాడులోని ఏర్వాడిలో, గొలుసులతో కట్టివేసి ఉన్న 28 మంది మానసిక రోగులు నిప్పంటుకున్న పాకలోంచి బయటపడలేక చనిపోయారు. పినెల్ పేరుతో నేను చెప్పిన ఆ పాఠం నాకు ఆ రోజు గుర్తుకు వచ్చి రెండు రోజులు అన్నం సయించలేదు. సంకెళ్ల అధ్యాయం ఏ పుస్తకంలో ఉన్నా, అది ముగిసిన కథగా చదవకు.

రాసుకునేటప్పుడు మాటల విషయంలో శ్రద్ధగా ఉండు. పాత కాగితంలో ‘లూనటిక్’ అని ఉంటే అలాగే రాసుకో, దాన్ని నేటి మర్యాదపు మాటతో మార్చేస్తే ఆనాటి చూపు చెరిగిపోతుంది. నీ సొంత వాక్యంలో మాత్రం ఆ మాట వాడకు. మన తెలుగులో పిచ్చి, వెర్రి, మతిభ్రమణం, చిత్తచాంచల్యం ఒకటి కావు, ఎవరి నోట ఏది వచ్చిందో గమనించు. అచ్చయిన పుస్తకంలోని పేరు నీ జాబితాలోకి రావచ్చు గాని, మీ ఆసుపత్రి బీరువాలో ఉన్న రిజిస్టరులోని పేరు, ఎంత పాతదైనా, నీ నోటు పుస్తకంలోకి రాకూడదు. ఆ ఇంటివాళ్లు ఇంకా ఆ ఊళ్లోనే ఉండి ఉంటారు.

పోర్టర్, ఫూకో, స్కల్ పుస్తకాలు బస్సు పార్సిల్‌లో వేయించాను, మిగతావి మీ కాలేజీ లైబ్రరీలో అడుగు. పోర్టర్ పుస్తకం చివరి పేజీలో నా పెన్సిల్ జాబితా ఉంది, కొంచెం చెదిరింది గాని చదవవచ్చు. దాన్ని చెరపకుండా, నేను చూడకుండా వదిలేసిన పేర్లు నీకు దొరికితే ఆ కిందనే రాసి, సంక్రాంతికి వచ్చేటప్పుడు పుస్తకం తెచ్చి చూపించు.

ఇట్లు,
మీ పెద్దమ్మ