మీరు అడిగారు: బంకు అంగడిలో బీరు

ప్రశ్న: మా అమ్మాయి వాళ్లు న్యూజెర్సీలో ఉండి, ఈమధ్యే డాలస్‌కు మారారు. న్యూజెర్సీలో పెట్రోలు బంకు అంగడిలో అల్లుడు బీరు అడిగితే లేదన్నారు. డాలస్‌లో అయితే పాల పక్కనే ఫ్రిజ్ నిండా బీరు. సరేనని ఆదివారం పొద్దున తొమ్మిదింటికి పోతే ఇప్పుడు అమ్మం పొమ్మన్నారు. పైగా జుట్టంతా నెరిసిన నన్ను వయసు రుజువు చూపించమన్నారు! ఒకే దేశంలో ఇన్ని తిరకాసులేంటి సార్?
– ఓ పాఠకుడు, కొర్లగుంట, తిరుపతి

జవాబు: దేశం ఒకటే గానీ మందు చట్టం ఒకటి కాదండీ. 1933లో మద్యనిషేధాన్ని ఎత్తేసిన 21వ రాజ్యాంగ సవరణే ఆ పగ్గాలు రాష్ట్రాలకు ఇచ్చింది. మనకూ అంతే కదా, మద్యం రాష్ట్రాల జాబితాలోనిదే. చిత్తూరు నుంచి కాట్పాడి పోతే ప్రభుత్వ టాస్మాక్ అంగళ్లు, ఇటు మనకు 2024 అక్టోబరు నుంచి మళ్లీ ప్రైవేటు షాపులు, కొండెక్కితే అసలు చుక్క ఉండకూడదు.

న్యూజెర్సీలో ఒక సంస్థకు రెండు రిటైల్ లైసెన్సులకు మించి ఇవ్వరు. అంటే ఎన్ని బ్రాంచీలున్న కంపెనీ అయినా రెండు చోట్లే అమ్మగలదు, అందుకే మీ అల్లుడికి లేదన్నారు. నది దాటి పెన్సిల్వేనియాకు పోతే ఇంకో వేషం: అక్కడ బంకు అంగడి బీరు అమ్మాలంటే రెస్టారెంటు లైసెన్సు కావాలి, అందులో కనీసం 30 మంది కూర్చునే వీలుండాలి. చిప్స్ ప్యాకెట్ల మధ్య ఆ టేబుళ్లు, కుర్చీలు ఎందుకున్నాయో ఇప్పుడు అర్థమైందనుకుంటా. ఒకసారికి 192 ఔన్సులే ఇస్తారు, అంటే మామూలు డబ్బాలు పదహారు. ఇంకా కావాలంటే అవి కారులో పెట్టొచ్చి మళ్లీ కొనుక్కోవచ్చు, అందులో తప్పు లేదు! నాకు మాత్రం అన్నిట్లోకీ విచిత్రంగా అనిపించేది ఇండియానా. అక్కడ బంకు అంగడి బీరు అమ్మొచ్చు, కానీ చల్లగా అమ్మకూడదు, చల్లటి బీరు లిక్కర్ షాపుల హక్కు. కోర్టు దాకా పోయినా ఆ రూలు నిలబడింది. తాగేవాడి మేలు కోసం పెట్టిన రూలంటారు గానీ, నాకైతే లిక్కర్ షాపుల వ్యాపారం కాపాడటానికే అనిపిస్తుంది.

ఇక మీ ఆదివారం సంగతి. టెక్సాస్‌లో ఆదివారం పది దాటాకే అమ్మాలి. 2021 సెప్టెంబరుకు ముందైతే మధ్యాహ్నం పన్నెండు దాకా ఆగాల్సి వచ్చేది, ఇప్పుడైతే మీరు ఇంకో గంట ఆగితే సరిపోయేది. వయసు రుజువంటారా, కొనేవాడికి 21 నిండాలన్నది మాత్రం అన్ని రాష్ట్రాల్లోనూ ఒకటే. వినని రాష్ట్రానికి హైవే నిధులు కోస్తామని 1984లో కేంద్రం చట్టం తెచ్చింది, అందరూ దారికొచ్చారు. నెరిసిన జుట్టు చూసి చాలామంది వదిలేస్తారు, కొన్ని కంపెనీలు మాత్రం ఎవరొచ్చినా అడగాలని తమ మనుషులకు చెప్పి పెడతాయి. పాస్‌పోర్టు జేబులో పెట్టుకోండి, ఆధార్ అక్కడ పనిచేయదు.

ప్రశ్న: మావాడు ఎం.ఎస్. కోసం టెక్సాస్‌లో ఉన్నాడు. తెలిసినవాళ్ల గ్యాస్ స్టేషన్‌లో సాయంత్రాలు కౌంటర్ దగ్గర ఉంటానంటున్నాడు. బీరు అమ్మితే కేసు పెడతారని ఎవరో అన్నారు, అప్పటి నుంచీ ఒకటే టెన్షన్.
– ఓ తల్లి, చిత్తూరు

జవాబు: అమ్మా, మీవాడికి బీరు కంటే ముందు ఆ ఉద్యోగమే ప్రమాదం. స్టూడెంట్ వీసా మీద ఉన్నవాళ్లు అనుమతి లేకుండా క్యాంపస్ బయట పనిచేయకూడదు. బ్రెడ్డు అమ్మినా అంతే, జీతం చేతికి నగదుగా ఇచ్చినా అంతే. క్యాంపస్‌లోనే అయితే క్లాసులు జరిగే రోజుల్లో వారానికి 20 గంటల దాకా చేసుకోవచ్చు, అది వెతుక్కోమనండి.

ఇక బీరు. 21 నిండనివాడికి అమ్మితే టెక్సాస్‌లో అది క్రిమినల్ నేరం, ఏడాది దాకా జైలు, 4,000 డాలర్ల దాకా జరిమానా ఉండొచ్చు. కేసు పడేది కౌంటర్‌లో నిలబడి అమ్మినవాడి మీద. అక్కడి అధికారులు తక్కువ వయసు పిల్లల్ని కొనడానికి పంపి మరీ పట్టుకుంటారు. సిబ్బందికి ట్రైనింగ్ ఇప్పించిన ఓనరుకు లైసెన్సు పోకుండా కొంత రక్షణ ఉంది గానీ, అది అమ్మిన కుర్రాడికి వర్తించదు. తెలిసినవాళ్ల షాపే కదా అని మొహమాటపడి ఒప్పుకోవద్దని గట్టిగా చెప్పండి. వీసాకు ఈ కేసు కూడా తోడైతే లాయర్ ఖర్చు మీ నెత్తినే పడుతుంది.

ప్రశ్న: కొన్న బీరు అక్కడే కారులో కూర్చుని తాగొచ్చా?
– ఓ పాఠకుడు, పలమనేరు

జవాబు: వద్దు. టెక్సాస్‌లో రోడ్డు మీదున్న కారులో సీట్ల దగ్గర మూత తీసిన డబ్బా కనిపిస్తే చాలు, బండి ఆగి ఉన్నా 500 డాలర్ల దాకా జరిమానా. డిక్కీలో పెట్టుకుని ఇంటికెళ్లండి.